మేనమామ నాటిన ఆకు

"గుడ్డ గట్టిగా నొక్కి పట్టుకో. కళ్ళు మూసుకోకు," అంది బెనెడిక్త.

జెరోమ్ నొక్కి పట్టుకున్నాడు. అయినా రక్తం కొడుకు వేళ్ళ సందుల్లోంచి కారి మోచేతి దాకా వచ్చేస్తోంది. రాయి చెవి పైన తగిలింది. కాస్త పక్కకి పడి ఉంటే ఏమయ్యేదో ఆలోచించకుండా ఉండడానికి ఆమె పొయ్యి మీది కుండలోంచి మరికాసిని వేడినీళ్ళు తోడింది.

కౌపా వంటింట్లో ఆ చివర నుంచి ఈ చివరకి తిరుగుతున్నాడు. చొక్కా భుజం దగ్గర కాలిపోయి ఉంది. చేతిలో ప్లాస్టిక్ సంచి, అందులో మడత పెట్టిన కోర్టు ఉత్తర్వు. కోకోపో పట్నం కోర్టు నుంచి తెచ్చిన దగ్గర్నుంచీ ఆ సంచి అతని చేతిని వదల్లేదు.

"పోలీసుల పడవ బయల్దేరిందట. ఇందాకే ఫోన్‌లో చెప్పారు," అన్నాడు భార్యతో.

"పొద్దున్న కూడా బయల్దేరిందనే చెప్పావు."

"సముద్రం పోటు మీద ఉంది మరి. నేనేం చెయ్యను?"

"గని దగ్గర మన మకాం తగలబెట్టడానికి వచ్చినవాళ్ళకి పోటూ లేదు, పాటూ లేదు. నీ పోలీసులకే వచ్చిందా?"

అతను ఆగాడు. "చూడు బెనా. జడ్జి స్పష్టంగా రాశాడు. గనికి పర్మిట్ ఇచ్చింది రాజధాని మోర్స్‌బీ. దాన్ని ఆపే అధికారం ఈ దీవి కౌన్సిల్‌కి లేదు. అధ్యక్షుడు గని రోడ్డుకి అడ్డం పడకూడదు. ఇంతకన్నా ఎవరైనా ఏం రాస్తారు?"

"కౌన్సిల్ అధ్యక్షుడు అడ్డం పడకూడదన్నాడు. సరే. మేనమామ పడకూడదన్నాడా?"

కౌపా సంచిని ఇంకా గట్టిగా పట్టుకున్నాడు. ఉత్తర్వులో మేనమామ మాటే లేదు.

తనిల్ ఏటి పైభాగంలో తవ్వకూడదని, కింద ఊళ్ళన్నీ ఆ నీళ్ళే తాగుతాయని కౌన్సిల్ తీర్మానం చేసింది. అధ్యక్షుడు పాస్కల్, బెనెడిక్తకి సొంత తమ్ముడు, కౌన్సిల్ తరఫున కోర్టులో నిలబడ్డాడు. ఎదటి పక్షంలో పర్మిట్ చేతపట్టుకుని సొంత బావ కౌపా నిలబడ్డాడు. తమ్ముడు ఓడిపోయాడు. ఇంటికొచ్చి ప్యాంటూ చొక్కా విప్పి పక్కన పడేసి, నడుముకి గుడ్డ చుట్టుకుని, తల్లి వంశం మగవాళ్ళని వెంటబెట్టుకుని గని రోడ్డు నట్టనడుమ గోర్‌గోర్ నాటాడు. అడవి అల్లం మొక్క, దాని ఆకుల మీద సున్నం గీతలు. అంతే. ఒక మేక వచ్చినా తినేసిపోతుంది. కానీ నాటినవాడు తప్ప ఇంకెవడూ పెరకడానికి లేదు, పెరికేదాకా ఎవడూ దాటడానికి లేదు. అధ్యక్షుడిగా ఓడినవాడు మేనమామగా వచ్చి దారిలో నిలబడ్డాడు.

సెపిక్ నది వైపు నుంచి జీతానికి వచ్చిన డ్రైవర్ పొద్దున్న ఆ మొక్కని చూడగానే బుల్డోజర్ ఆపి, తాళం సీటు మీద పెట్టి దిగిపోయాడు. "మా ఊళ్ళోనూ ఇలాంటివి ఉన్నాయి, నాకు పిల్లలున్నారు," అని వక్క నములుతూ చెట్టు కింద కూర్చున్నాడు. ఆ తర్వాత బుల్డోజర్ కదిలింది. మొక్క మీద నుంచి వెళ్ళింది. చూసినవాళ్ళు ఊరంతా చెప్పారు. సీట్లో ఉన్నది జెరోమ్.

ఆ మాట ఊరు చేరిన కాసేపటికే రాళ్ళు మొదలయ్యాయి.

"వీణ్ణి దాన్నెక్కమన్నదెవరు?" అని అడిగింది బెనెడిక్త. పొద్దుట్నుంచీ అడగడానికి ధైర్యం కూడదీసుకుంటున్న మాట.

"నేనే," అన్నాడు కౌపా. ఆమె మొహంలోకి చూడలేదు.

"నాన్నా..." అన్నాడు జెరోమ్.

"నువ్వు నోర్ముయ్. పెద్దవాళ్ళం మాట్లాడుకుంటున్నాం." కౌపా భార్య వైపు తిరిగాడు. "నేనే ఎక్కమన్నాను. పరాయివాడు దాటితే తప్పు. వీడు మీ వంశం వాడే కదా. మామ ఆకు మేనల్లుడు తొక్కితే ఏం చేస్తారు, చెవి మెలేసి వదిలేస్తారనుకున్నాను."

బెనెడిక్త చేతిలోని నీళ్ళ గిన్నె నేలన పెట్టింది.

"ఇరవై నాలుగేళ్ళు," అంది. "ఇరవై నాలుగేళ్ళు మా చేమదుంపలు తిన్నావు. మా చావులకొచ్చావు, మా పందుల విందులకొచ్చావు. పరాయివాడు తొక్కితే పందులిచ్చి బయటపడతాడు. వాడికి తెలీదు గనక. మేనల్లుడు తొక్కితే మామ మొహం మీద ఉమ్మేసినట్టు. ఈ మాత్రం తెలీదా నీకు? పాలు తాగే పిల్లకి కూడా తెలుసే!"

"మా కొండల్లో కొడుకు తండ్రివాడు, ఇక్కడిలా తల్లి వంశం వాడు కాదు. నాకిదంతా..."

"కొండలు! ఇది మీ కొండలా?"

పొయ్యిలోంచి ఎప్పుడు తీసిందో ఆమెకే తెలీదు. సగం కాలిన కట్టె కౌపా మోచేతి మీద పడింది, నిప్పురవ్వలు లేచాయి. రెండో దెబ్బకి అతను కట్టెని పట్టుకుని లాగి అవతల పారేసి, ఆమె చెంప మీద ఒకటి కొట్టాడు. ఆమె తూలి నీళ్ళ కుండ మీద పడింది. వేడినీళ్ళు నేలంతా పారాయి. మళ్ళీ లేచి అతని చొక్కా పట్టుకుంది.

"చంపావు! నా కొడుకుని నువ్వే చంపావు!"

జెరోమ్ ఇద్దరి మధ్యా దూరాడు. తల మీది గుడ్డ జారిపోయింది. "వదలండి! అమ్మా, వదులు! నీకు తెలీదు..."

బయట పంది అరిచింది.

మామూలు అరుపు కాదు. ముగ్గురూ ఎక్కడివాళ్ళక్కడ నిలిచిపోయారు. అరుపు సాగి, సాగి, గురకలా మారి ఆగిపోయింది. వెంటనే రెండోది మొదలైంది.

బెనెడిక్త గుమ్మం దగ్గరికి వెళ్ళి తడిక సందులోంచి చూసింది. పెరడు నిండా మనుషులు. అందరూ తనవాళ్ళే. పినతల్లుల కొడుకులు, పెద్దమ్మల కొడుకులు. మొహాలకి సున్నం. కౌపా పెద్ద పంది, సూడిది, మెడ సగం తెగి బురద గొయ్యి అంచున తన్నుకుంటోంది. ఇద్దరు వక్క చెట్లని నరుకుతున్నారు. కౌపా నాటినవి మాత్రమే. ఆమె తల్లి నాటినవాటిని గొడ్డలి తాకలేదు.

పెరటి అంచున, రంగాకుల కంచె అవతల, పాస్కల్ నిలబడి ఉన్నాడు. చేతిలో గొడ్డలి. ఇంటివైపు కాకుండా పక్కకి తిరిగి ఉన్నాడు. అక్క ఉన్న గుమ్మం వైపు తమ్ముడు తిన్నగా చూడడు, ఆమె ఇంటి మెట్టు ఎక్కడు. పెళ్ళయిన నాటి నుంచీ ఎక్కలేదు. అక్కలకి జ్వరమొచ్చినా, ఇల్లు కారినా బయట నిలబడే మాట్లాడాలి. ఆ కట్టుబాటే ఈ పూట జెరోమ్‌ని బతికిస్తోంది. ఆ పెరట్లో ఉన్నవాళ్ళంతా ఆమెకి తమ్ముళ్ళ వరసే.

"అక్కా!" అని కేకేశాడు పాస్కల్.

"వింటున్నాను."

"వాడు లోపలున్నాడా?"

"ఉన్నాడు. తల పగిలింది."

"నిలబడగలడా?"

"నువ్వు దేనికడుగుతున్నావో తెలుసు తమ్ముడూ. నిలబడలేడు."

పాస్కల్ గొడ్డలి నేలకి ఆనించాడు. "బావ ఎక్కమన్నాడని ఊళ్ళో అంటున్నారు. నిజమేనా?"

బెనెడిక్త వెనక్కి చూసింది. కౌపా గట్టిగా తలూపాడు.

"నిజమే," అంది. "ఆయనకి తెలీదు. తెలీక ఎక్కించాడు."

"తెలీక!" అన్నాడు చెట్టు నరుకుతున్నవాడు. "మోర్స్‌బీలో ఏ ఆఫీసులో ఏ గదికి పోవాలో తెలుసు, ఏ గుమాస్తాకి ఏం పెట్టాలో తెలుసు. ఆకు తొక్కకూడదని తెలీదు పాపం!"

నవ్వులు.

"అక్కా, నువ్వు దిగు," అన్నాడు పాస్కల్. "దిగి అమ్మ తోటలోకి వెళ్ళు."

"దిగను. లోపలికి రావడానికి మీకు లేదు."

"నిజమే. మేం లోపలికి రాకూడదు." అతను చెయ్యి ఊపాడు. "ఇల్లు కిందకి రాకూడదని ఎవరూ చెప్పలేదు."

స్తంభాల మీద కట్టిన ఇల్లు అది. మొదటి దెబ్బకి అటక మీది గిన్నెలు మోగాయి. రెండో దెబ్బకి ఒకటి జారి పడింది. సముద్రం వైపు మూల స్తంభం నరుకుతున్నారు. నేల తడికలు కాళ్ళ కింద కిర్రుమన్నాయి.

"పిచ్చెక్కిందా వీళ్ళకి!" కౌపా కిందకి వంగి సందులోంచి అరిచాడు. "అరేయ్! కోర్టు ఉత్తర్వుందిరా! అందర్నీ జైల్లో వేస్తారు!"

"వేస్తే నువ్వు కోడి కూర పంపిద్దువుగాని, కొండబావా," అంది కింద నుంచి ఒక గొంతు. గొడ్డలి ఆగలేదు.

ఇల్లు ఒక పక్కకి ఒరిగింది. పొయ్యిలోని నిప్పులు దొర్లాయి. బెనెడిక్త చేతులతోనే వాటిని నెట్టి, తడిగుడ్డ వేసి నొక్కింది. అరచెయ్యి కాలిందని తర్వాతెప్పుడో తెలిసింది.

"అమ్మా, నేను వెళ్తాను," అన్నాడు జెరోమ్.

"కూర్చో."

"ఇల్లు పడిపోతుంది."

"పడనీ. నువ్వు నా పక్కన ఉంటే నా మీదే పడనీ."

కౌపా కొడుకు దగ్గరికి వచ్చి మోకాళ్ళ మీద కూర్చున్నాడు. వాడి మెడ వెనక చెయ్యి వేసి, నుదురు నుదురుకి ఆనించాడు. చిన్నప్పుడు తప్ప అలా చెయ్యలేదు. కొండభాషలో ఏదో అన్నాడు. ఆ భాష బెనెడిక్తకి కొంచెమే వచ్చు. 'నేను చెప్పిందే' అన్న ముక్క ఒకటి వినిపించింది. జెరోమ్ తల అడ్డంగా ఊపుతుంటే ఆ మెడని ఇంకా గట్టిగా పట్టుకుని అదే మాట మళ్ళీ అన్నాడు.

తర్వాత లేచి, సంచిలోంచి కాగితం తీసి, చొక్కా సర్దుకుని, ఒరిగిన మెట్ల మీదుగా పెరట్లోకి దిగాడు.

గొడ్డళ్ళు ఆగాయి.

కౌపా పొట్టి మనిషి. కాగితాన్ని రెండు చేతులా ఎత్తి పట్టుకుని చదవడం మొదలుపెట్టాడు. "జాతీయ న్యాయస్థానం వారి ఆజ్ఞ ప్రకారం, సదరు కౌన్సిల్ గానీ, దాని అధ్యక్షుడు గానీ, వారి తరఫున ఎవరైనా గానీ..." గొంతు వణకలేదు. అది విని బెనెడిక్తకి ఆశ్చర్యం వేసింది. "...పర్మిట్ కలిగిన సదరు వ్యక్తికి ఆటంకం కలిగించరాదు..."

చెట్టు నరికినవాడు ముందుకొచ్చి కాగితం లాక్కున్నాడు. ఉండలా చుట్టాడు. ఇద్దరు కౌపా చేతులు వెనక్కి విరిచి పట్టుకున్నారు. ఒకడు దవడలు నొక్కి నోరు తెరిపించాడు.

"నమలు బావా. వక్క కన్నా మెత్తగానే ఉంటుంది. నమిలి మింగు నీ జడ్జిని."

కాగితం ఉండ నోట్లో కుక్కారు. కౌపా కళ్ళు పైకి తేలాయి. ఊపిరాడక తన్నుకుంటుంటే డొక్కలో గొడ్డలి కామతో పొడిచారు. అతను వంగిపోయాడు. వీపు మీద ఇంకొకటి. మోకాళ్ళ మీద పడ్డాక ఎవరో మొహం మీద తన్నారు. కాగితం, రక్తం, ఒక పన్ను కలిసి మట్టిలో పడ్డాయి.

"నేనే... ఎక్కించాను," అన్నాడు కౌపా ఆ నోటితోనే. "తప్పు... నాది. పందులు... ఎన్నంటే అన్ని..."

బెనెడిక్త మెట్ల మీద ఉంది. ఎప్పుడు దిగడం మొదలుపెట్టిందో తెలీదు. "తమ్ముడూ, ఆపు! పందులిస్తానంటున్నాడు! తెలియనివాడు కట్టే తప్పు కడతానంటున్నాడు. ఇంకేం కావాలి?"

పాస్కల్ కంచె దాటి వచ్చాడు. కింద పడ్డ మనిషి పక్కన ఆగాడు.

"ఇదే ఆఖరు మాటా?" అన్నాడు. "నువ్వే ఎక్కించావు. వాడు నీ మాట విన్నాడు. అంతేనా, కౌపా?"

పెరట్లో ఎవరో గట్టిగా ఊపిరి పీల్చారు. బెనెడిక్త మెట్టు మీద కూలబడింది. బావ పేరు బావమరిది నోటితో పలకడు. ఇన్నేళ్ళలో పాస్కల్ కోర్టులో కూడా పలకలేదు, లాయరు చేత పలికించాడు. పేరు పలికాడంటే ఆ బంధుత్వం అక్కడితో సరి.

"అంతే," అన్నాడు కౌపా.

"అయితే పందులతో పోతుంది. పందులిచ్చి ఈ దీవి విడిచిపో. పిల్లవాడు..."

"కాదు."

జెరోమ్ గుమ్మంలో నిలబడి ఉన్నాడు. మొహం సగం ఎర్రగా ఉంది. ఒరిగిన గుమ్మాన్ని పట్టుకుని మెట్లు దిగి, తల్లిని దాటి వచ్చాడు.

"నాన్న ఎక్కమనలేదు మామా."

"ఒరేయ్..." అని లేవబోయాడు కౌపా. వీపు మీద కాలు వేసి నొక్కారు.

"వద్దన్నాడు. నా చేతిలోంచి బండి తాళం లాక్కోబోయాడు. 'అది మీ మామ నాటింది, చచ్చినా దాటకూడదు, కోర్టు సంగతి తర్వాత చూద్దాం, ముందు పందిని తీసుకెళ్ళి అడుగుదాం' అన్నాడు. ఆయనకి అన్నీ తెలుసు. నా కన్నా బాగా తెలుసు." జెరోమ్ తండ్రి వైపు చెయ్యి చూపాడు. "తెలియనివాడి తప్పు పందులతో పోతుందని, అందుకే ఆయన ఇందాకట్నుంచీ తెలియనివాడిలా తన్నులు తింటున్నాడు. నేను చూడలేను."

బెనెడిక్త భర్త వైపు చూసింది. అతను మొహం మట్టిలో దాచుకున్నాడు. కట్టె పెట్టి కొట్టిన మోచెయ్యి, బొబ్బలెక్కి, ఆమెకి ఎదురుగా ఉంది.

"ఎందుకురా?" అన్నాడు పాస్కల్. ఆ ప్రశ్న గొణుగులాగే వచ్చింది.

"పోయిన నెల మగవాళ్ళ ఇంట్లో అందరి ముందూ ఏమన్నావు మామా? పందిమాంసం పంచుతూ, నా వంతు వచ్చేసరికి 'ఇది కొండవాడి కొడుక్కి' అన్నావు. మా అమ్మ పేరు చెప్పలేదు. ఈ వంశంలో ఇంతవరకూ ఎవణ్ణయినా తండ్రి పేరుతో పిలిచారా? కోర్టులో నాన్న మీద కోపం నా విస్తట్లో వేశావు. సరే, కొండవాడి కొడుకునే కదా, కొండవాడి కొడుకు ఏం చేస్తాడో చూపిద్దామనిపించింది. ఆకు కనబడింది. తొక్కాను. తెలిసే తొక్కాను."

ఎవరూ నవ్వలేదు. తన్నుకుంటున్న పంది కూడా ఎప్పుడో ఆగిపోయింది.

పాస్కల్ గొడ్డలి పట్టిన చెయ్యి ఒకసారి లేచి, దిగింది. చుట్టూ ఉన్నవాళ్ళు ఒక్కొక్కరే దగ్గరికి జరిగారు. వలయం చిన్నదవుతోంది.

"అక్కా," అన్నాడతను. మొట్టమొదటిసారి ఆమె మొహంలోకి తిన్నగా చూశాడు. "ఇక నా చేతిలో లేదు. ఎవరు మనవాళ్ళో, ఎవరు కాదో చెప్పేది ఈ వంశంలో పెద్ద ఆడది. అమ్మ పోయాక అది నువ్వు. చెప్పు. వీడు మనవాడైతే, మనవాడికి ఏం చెయ్యాలో మగవాళ్ళ ఇల్లు చూసుకుంటుంది. కాదూ, పరాయివాడంటావా, పరాయివాడి తప్పు పందులతో పోతుంది. ఆ కింద పడ్డవాడితో పాటు పడవెక్కి పోతాడు. మళ్ళీ ఈ దీవి మీద కాలు పెట్టడు. వాడికి మన నేలా లేదు, మన శ్మశానమూ లేదు."

మగవాళ్ళ ఇంటి రాళ్ళ ప్రహరీలోకి అలా తీసుకుపోయినవాణ్ణి ఒక్కణ్ణే బెనెడిక్త ఎరుగును. తల్లి పెద్దమ్మ కొడుకు. తను అప్పుడు చిన్నపిల్ల. అతను నడిచి లోపలికి వెళ్ళాడు, నడిచి బయటికి రాలేదు.

"అమ్మా," అన్నాడు జెరోమ్. "నీ కొడుకునని చెప్పు. నాకు భయం లేదు. ఆ మాటొక్కటే చెప్పు."

కౌపా మట్టిలోంచి తల ఎత్తాడు. పగిలిన నోటితోనే ఆమె వైపు చూశాడు.

ఆమె లేచి నిలబడింది. కాలిన అరచేతిని చీరుకుపోయిన గౌనుకి తుడుచుకుంది. ఏ పదేళ్ళ క్రితమో తల్లి పోయినప్పుడు తను ఇదే పెరట్లో అందరి ముందూ ఈ పిల్లవాడి చెయ్యెత్తి 'నా తర్వాత ఈ నేల ఇతనిది' అన్న గొంతు కోసం వెతుక్కుంది. అది దొరకలేదు. ఇంకేదో గొంతు వచ్చింది.

"వీడు కౌపా కొడుకు," అంది.

జెరోమ్ ఆ మాటకి దెబ్బ తిన్నవాడిలా ఒక అడుగు వెనక్కి వేశాడు.

"మా వంశం వాడు కాదు. కొండవాడి కొడుకు. పందులు తీసుకోండి."

పాస్కల్ పక్కకి తప్పుకున్నాడు. అతని వెనక ఒకడు, ఆ వెనక ఇంకొకడు. రంగాకుల కంచె దగ్గర్నుంచి ఇసుక దాకా, పడవ కట్టి ఉన్న చోటి దాకా, దారి తెరుచుకుంది. ఇద్దరు కౌపాని రెక్కలు పట్టి లేపి అటు తోశారు. అతను పడుతూ లేస్తూ నాలుగడుగులు నడిచి, ఆగి, కొడుకు కోసం చెయ్యి చాపాడు.

"పోరా," అంది బెనెడిక్త. "పో. నాన్న పిలుస్తున్నాడు."

జెరోమ్ తండ్రి చేతిని చూశాడు. తల్లిని చూశాడు. తర్వాత మెల్లిగా, నరికిన స్తంభం పక్కన, పడవకి వీపు పెట్టి, తల్లి ఇంటి మట్టిలో మఠం వేసుకుని కూర్చున్నాడు.